ఎడమ చెవితో ఆరు పాటలు

పుష్ప పాటలు అంత మెత్తగా ఉండటానికి కారణం గోడ. భద్రాచలంలో ఆమె కిరాయికుండే గదికీ, ఇంటి యజమాని నిర్మలాదేవి గారి పడకగదికీ మధ్య ఉన్నది ఒకటే ఇటుక వరస. రెండేళ్ళ కిందట ఆ గదిలోకి దిగిన మొదటి వారంలో పుష్ప గొంతు విప్పి పాడితే, అవతలి నుంచి స్టీలు గ్లాసుతో ఠక్‌ఠక్‌మని కొట్టిన చప్పుడు వచ్చింది. మర్నాడు గొంతు తగ్గించింది. మళ్ళీ కొట్టారు. ఇంకా తగ్గించింది. అలా తగ్గించుకుంటూ పోగా చివరికి పక్కన కూర్చున్న మనిషితో కబురు చెబుతున్నట్టుండే గొంతు ఒకటి మిగిలింది. ఆ గొంతుతో పాడి ఫోన్లో పెడితే ఎక్కడెక్కడి వాళ్ళో వినడం మొదలుపెట్టారు.

పుష్పకు ఇరవయ్యారేళ్ళు. ఇల్లెందు వైపు తండా వాళ్ళది. భద్రాచలంలోనే ఒక ప్రైవేటు ల్యాబులో టెక్నీషియన్‌గా చేస్తోంది. పొద్దున ఎనిమిది నుంచి వరసగా కూర్చున్నవాళ్ళ చేతులకు రబ్బరు పట్టీ కట్టి రక్తం తీస్తుంది, ఆ గొట్టాలను మిషన్లో వేసి తిప్పుతుంది, రిపోర్టులు కొడుతుంది. ఇంటికి రాగానే కిటికీకి బొంత కట్టి, మంచం మీద కాళ్ళు మడుచుకుని కూర్చుని పాటలు కడుతుంది. ఎవరో వాడి అమ్మిన ల్యాప్‌టాప్, జానెడు కీబోర్డు, ఒక మైకు, అంతే సరంజామా. రక్తం తిప్పే మిషన్ ఆగిపోయే ముందు ఒక మూలుగు మూలుగుతుంది. పుష్ప దాన్ని ఫోన్లో పట్టుకొచ్చి, ఒక పాటకు శ్రుతిగా పెట్టింది. 'రిపోర్టు రేపు' అని ఆ పాట. ల్యాబు బెంచీ మీద పక్కపక్కనే కూర్చున్న ముసలి జంట గురించి. "రేపు రమ్మన్నరు, రేపటిదాక నా పక్కనె కూసో" అని వస్తుంది అందులో. దాన్ని లక్షల మంది విన్నారు.

ఆ పాట విని హైదరాబాదు నుంచి నాగరాజు అనే అతను ఫోన్ చేశాడు. కొత్త గొంతుల్ని వెతికి ఆల్బమ్‌లు చేయించే చిన్న కంపెనీ అతనిది. ఆరు పాటలు కావాలన్నాడు. అక్టోబరులో ఒక హాల్లో ప్రోగ్రాం కూడా పెడతామన్నాడు. పుష్ప ఫోన్ పెట్టేసి, ఎగరాలనిపించినా గోడ గుర్తొచ్చి, దిండులో మొహం దాచుకుని నవ్వుకుంది.

జూలైలో వానలు పట్టాయి. ఒకరోజు పొద్దున లేచేసరికి కుడి చెవిలో దూది కుక్కినట్టుగా, లోపలెక్కడో నీళ్ళు పారుతున్నట్టుగా అనిపించింది. స్నానం చేసేటప్పుడు నీళ్ళు పోయి ఉంటాయనుకుంది. తల వంచి ఒంటికాలి మీద గెంతింది. రెండు రోజులు చూద్దామనుకుంది. ఆ రెండు రోజుల్లోనే గోదావరి మొదటి ప్రమాద హెచ్చరిక దాటింది. చర్ల వైపు రోడ్లు మునిగాయి. ఆ తర్వాత జ్వరాలు. ల్యాబు ముందు గొడుగులు పట్టుకుని జనం. ఇంకో మనిషి లేక పుష్పే పొద్దస్తమానం నిలబడింది. చెవి సంగతి రేపు, ఎల్లుండి అనుకుంటూనే మూడు వారాలు గడిచాయి. సాయంత్రం పూట మాత్రం పాట వదల్లేదు. ఆగస్టులో మొదటి పాట పూర్తిచేసి నాగరాజుకు పంపింది.

గంటలో అతని ఫోన్.

"ఏంది పుష్పా, కుడిపక్క పగిలిపోతుంది గదా! కీబోర్డు మొత్తం కుడి చెవిలో మొత్తుకుంటుంది. నీ గొంతు ఏడ దాక్కుందో దేవుడికి తెల్వాలె. నువ్వు వినకుండ పంపినవా?"

"విన్న సార్. యాభై సార్లు విన్న."

ఫోన్ పెట్టేసి పుష్ప హెడ్‌ఫోన్ తిప్పి పెట్టుకుంది, కుడిది ఎడమకు, ఎడమది కుడికి. ఒక్కసారిగా ఎడమ చెవిలో కీబోర్డు గీపెట్టింది. బిత్తరపోయి లాగేసింది. హెడ్‌ఫోన్ బాగానే ఉంది. కుడిపక్క వినపడక, వినపడుతుందేమోనని పెంచుకుంటూ పోయింది తనే. అయినా వినపడలేదు.

మర్నాడు సెలవు పెట్టి ఖమ్మం బస్సెక్కింది. చెవి డాక్టరు గాజు గదిలో కూర్చోబెట్టి, చెవికి యంత్రం తగిలించి, చప్పుడు వినపడినప్పుడల్లా బటన్ నొక్కమన్నాడు. ఎడమ చెవికి పుష్ప గబగబా నొక్కింది. కుడి చెవి వంతు వచ్చాక బటన్ మీద వేలు పెట్టుకుని ఊరికే కూర్చుంది.

"ఇది ఉన్నట్టుండి వస్తుందమ్మా. చాలామందిలో ఎందుకొచ్చిందో కూడా తెలీదు" అన్నాడు డాక్టరు. "మొదటి వారంలో వస్తే కొంత ఆశ ఉండేది. మందులు రాస్తాను. పది రోజులు చూద్దాం."

పది రోజులైంది. మార్పు లేదు. రెండోసారి ఖమ్మం నుంచి తిరిగొస్తుంటే బస్సు ఊరు దాటగానే కండక్టరు కుడిపక్క నిలబడి టికెట్ అడిగాడు. పుష్ప కిటికీలోంచి చూస్తూనే ఉంది. అతను మూడోసారి గట్టిగా అరిస్తే బస్సంతా ఆమెవైపు తిరిగింది. టికెట్ తీసుకుని, లేచి వెళ్ళి, ఎడమ చెవి మనుషుల వైపు ఉండేట్టు అవతలి వరసలో కూర్చుంది. అప్పటినుంచి ఎక్కడికి వెళ్ళినా ముందు తన చోటు చూసుకోవడం అలవాటు చేసుకుంది.

తల్లి రూప్లికి ఫోన్లో చెప్పింది. రూప్లి లంబాడీలో ఏడ్చింది, తిట్టింది, మళ్ళీ ఏడ్చింది. "ఇంటికొచ్చెయ్ బిడ్డా. చెవి పోయినంక పాటలెందుకు?" అంది.

"ఒకటి పోయింది యాడీ. ఇంకోటి ఉంది" అంది పుష్ప. తల్లికి ధైర్యం చెప్పడానికి అన్న మాటే, కానీ అన్నాక తనకూ అది నిజమేననిపించింది.

నాగరాజు మంచివాడే. విషయం తెలియగానే డాక్టరు ఏమన్నాడో అంతా అడిగాడు. తర్వాత, "నువ్వు పాడి పంపు చాలు. ఏది ఎంత వినపడాల్నో మా ఇంజనీరు చూసుకుంటడు" అన్నాడు. పుష్ప ఒక పాట పంపింది. నాలుగు రోజుల్లో తయారై వచ్చింది. గొంతుకు మెరుగు పెట్టారు. వెనకాల ఎక్కడో పెద్ద హాల్లో పాడుతున్నట్టు ప్రతిధ్వని చేర్చారు. మిషన్ మూలుగును శుభ్రంగా తీసేశారు. ఒక్క చెవితో విన్నా అది తన పాట కాదని తెలిసిపోయింది.

"సార్, నేనే చేస్త."

"ఎట్ల చేస్తవ్ పుష్పా?"

"ఎట్లనో గట్ల. సెప్టెంబరు ఆఖరుదాక టైమియ్యండి."

ఆ వారం పొద్దున్నే లేచి ల్యాబుకు వెళ్ళేలోగా ఒకే పాటను పట్టుకుని కూర్చుంది. హెడ్‌ఫోన్ ఇటు తిప్పి కుడిపక్క వింటుంది, అటు తిప్పి ఎడమపక్క వింటుంది, వింటూ తనూ పాడుతుంది. విడివిడిగా రెండూ బాగానే ఉంటాయి. రెండూ కలిస్తే ఎలా ఉంటుందో మాత్రం తెలీదు. నాలుగో రోజున తలుపు దబదబా బాదిన చప్పుడైంది. తీస్తే నిర్మలాదేవి. లెక్కల టీచరుగా చేసి రిటైరైన మనిషి. చేతిలో ఇంకా పాల గిన్నె ఉంది.

"ఏమ్మాయ్, నాలుగు రోజులనుంచి ఒకే ముక్క పాడుతున్నావు. పైగా గట్టిగా. 'వాన ఆగినంక' దగ్గరికి రాగానే ఆగిపోతావు. ఆ తర్వాతేంటో తెలీక నాకు పిచ్చెక్కుతోంది!"

గట్టిగా పాడుతున్న సంగతి పుష్పకు తెలియదు. ఆవిడను లోపలికి పిలిచి, ఉన్న ఒక్క కుర్చీలో కూర్చోబెట్టి, అంతా చెప్పింది. నిర్మలాదేవి పాల గిన్నె కింద పెట్టింది.

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్తే గది ఖాళీ చెయ్యమంటరేమోనని. చప్పుడెక్కువైతది గదా మేడం ఇగ."

"బాగుంది వరస" అంది ఆవిడ చిరాగ్గా. తర్వాత హెడ్‌ఫోన్ వైపు చూసింది. "అది ఎలా పెట్టుకోవాలి?"

ఆ రోజు నుంచి పొద్దున ఆరింటికి నిర్మలాదేవి జడలో హెడ్‌ఫోన్ చిక్కుకోకుండా సర్దుకుని కుర్చీలో కూర్చునేది. బాగుంది, బాగాలేదు అనడం ఆవిడకు రాదు. నోటుబుక్కులో అంకెలు వేసేది. "కుడిపక్క నీ పెట్టె వాయిద్యం పదికి ఏడు. ఎడమపక్క నాలుగే. గొంతు మధ్యలో ఐదు." పుష్ప సరిచేసి మళ్ళీ వినిపించేది. మళ్ళీ అంకెలు. మధ్యమధ్యలో కొట్లాటలు.

"'కూసో' ఏంటమ్మా, 'కూర్చో' అను. రేపు పిల్లలు వింటారు."

"మా బెంచీ మీద కూసునేటోళ్ళు కూసో అనే అంటరు మేడం. నేను మార్చ."

"నీ ఇష్టం. అయిదు మార్కులు తీసేశాను."

ఎనిమిది రోజులకు ఒక పాట కుదిరింది. నిర్మలాదేవి అన్నిటికీ టిక్కులు పెట్టి, విజయోత్సాహంతో కాఫీ పెట్టడానికి వెళ్ళింది. పుష్ప ఒక్కతే కూర్చుని ఆ పాట మొదటినుంచి వింది. సగమే వినపడింది. ఇంత కష్టపడి చేసిన తన పాట అందరికీ పూర్తిగా అందుతుంది, తనకు తప్ప. ఇంకో ఐదు పాటలు ఇలాగే చేసి, జీవితమంతా తన పాటలు ఎలా ఉన్నాయో ఇంకొకర్ని అడుగుతూ బతకాలా? ఆమెకు కోపం వచ్చింది. చెవి పోయిన రోజు కూడా రాని కోపం.

కాఫీ వచ్చేసరికి పుష్ప ల్యాప్‌టాప్ మీద వంగి, కుడివీ ఎడమవీ అన్నిటినీ లాగి మధ్యలోకి తెస్తోంది.

"ఏం చేస్తున్నావు? అన్నీ చెడగొడుతున్నావు!"

"రెండు పక్కలా ఒకటే చప్పుడు ఒచ్చేటట్టు చేస్తున్న మేడం. పాత రేడియోల లెక్క. గప్పుడు ఒక చెవితోని ఇన్నా, రెండిటితోని ఇన్నా ఒకటే పాట. నేనిన్నదే అందరు ఇంటరు."

"మరి నా నోటుబుక్కు?"

"మీరు రెండు పక్కలు సమానంగ ఉన్నయా లేదా అని చూడండి. గరగరలు గిట్ల ఉంటే చెప్పండి. మిగిలింది నేను చూస్కుంట."

నిర్మలాదేవికి చిన్నతనంగానే అనిపించింది. కానీ కాఫీ తాగుతూ ఒక లెక్క ఆలోచించినట్టు ఆలోచించి, "సరే, అదే సుళువు" అంది.

అది సుళువేమీ కాలేదు. అన్నీ ఒకేచోట పోగైతే ఒకదాన్నొకటి తొక్కేశాయి. ఇరుకు గదిలో నలుగురు పడుకున్నట్టే అయింది. గొంతుకు చోటు కావాలంటే కీబోర్డు తప్పుకోవాలి. పుష్ప ఒక్కొక్కటే తీసేస్తూ వచ్చింది. మూడు వాయిద్యాలున్నచోట ఒకటే ఉంచింది. తను అందంగా ఉందనుకున్న వరసలు ఎన్నో పారేసింది. ఒక పాటలోనైతే చివరికి గొంతూ, మిషన్ మూలుగూ తప్ప ఏమీ మిగల్లేదు. ల్యాబుకు వెళ్ళి రక్తాలు తీస్తూ కూడా ఇంకేం తీసేయొచ్చా అని ఆలోచించేది. సెప్టెంబరు ఇరవయ్యెనిమిదిన ఆరు పాటలూ నాగరాజుకు పంపింది.

"పుష్పా, ఇది మోనోలో ఉంది, రెండు పక్కల ఒకటే చప్పుడు" అన్నాడతను, తప్పు పట్టుకున్నట్టు. "ఈ రోజుల్ల ఎవ్వరు గిట్ల చెయ్యరు. హెడ్‌ఫోన్ల ఇంటే పాట చుట్టూ తిరగాలె."

"నాకు తిరగదు సార్. నాకు వినొచ్చేదే నా పాట. మీకు నచ్చకపోతే నా గదిలకెల్లి నేనే పెట్టుకుంట. మీతోని కోపం లేదు."

సాయంత్రం అతని మెసేజ్ వచ్చింది. "ఐదోది ఇప్పుడే నాలుగోసారి వింటున్న. ఒక్కటి కూడ ముట్టుకోను. గట్లనే పెడదాం."

అక్టోబరులో హైదరాబాదు ప్రోగ్రాంకు పుష్ప ఒక్కతే వెళితే ఊరుకోనని నిర్మలాదేవి కూడా బస్సెక్కింది. హాల్లో మూడు వందల మంది ఉంటారు. తన గొంతు తనకు వినిపించే స్పీకరును ఎడమపక్కకు మార్పించింది పుష్ప. కీబోర్డు వాయించే అబ్బాయిని కూడా అటే కూర్చోమంది. సౌండు చూసే అతను అలా కుదరదన్నాడు. కుదిరేదాకా ఆమె మైకు దగ్గరికి వెళ్ళలేదు.

లైట్లు పడ్డాయి. ఇంతకుముందు ఆమె మనుషుల ముందు ఎప్పుడూ పాడలేదు. మైకు పట్టుకుంది.

"నమస్తే. నాకు కుడి చెవి వినబడదు" అంది. "కుడిపక్క కూసున్నోళ్ళు పిలిస్తే నేను చూడకపోతే, గీమెకు గర్వం అనుకోకండి. మీరు చప్పట్లు కొడితే మాత్రం నా దిక్కు చేతులు లేపి కొట్టండి, చూసుకుంట."

నవ్వులు లేచాయి. సగం ఆమెకు వినపడ్డాయి, సగం కనపడ్డాయి. గొంతు పెంచకుండానే, తన గదిలో పాడినట్టే మొదలుపెట్టింది. వెనక వరసల్లో గుసగుసలు ఆగిపోయాయి. ఆ చిన్న గొంతును అందుకోవడానికి జనమే ముందుకు వంగారు. రెండో పాట అయిపోయాక కుడిపక్క వాళ్ళంతా తలల పైకి చేతులెత్తి కొడుతుంటే, పుష్ప వాళ్ళవైపు తిరిగి తల వంచింది.

తిరుగు ప్రయాణంలో నిర్మలాదేవి సూర్యాపేట దాటేదాకా నోటుబుక్కు తిరగేస్తూ కూర్చుంది. ఆ తర్వాత, "మూడో పాటలో ఆ అబ్బాయి వాయించింది ఎక్కువైంది. పదికి ఎనిమిది. నువ్వు ఆరు చెప్పావు" అంది.

"అవ్ మేడం, నేను గూడ చూసిన. చెప్పిన ఆయనకు."

ఆల్బమ్‌ను జనం బాగానే విన్నారు. పాటలు పాతకాలం రేడియోలా ఉన్నాయని కొందరు వెక్కిరించారు. ఒక్క చెవే వినపడేవాళ్ళు ఇంతమంది ఉంటారా అనిపించేట్టు, అలాంటివాళ్ళు చాలామంది ఉత్తరాలంత పొడుగు మెసేజ్‌లు రాశారు. ఒక లారీ డ్రైవరు, తన ఒక్క చెవితో పూర్తిగా విన్న మొదటి ఆల్బమ్ ఇదేనన్నాడు. రూప్లి తండాలో అందరి ఫోన్లలోనూ పాటలు పెట్టించింది.

నవంబరులో వరంగల్ నుంచి ఇంకో ప్రోగ్రాంకు పిలుపొచ్చింది. ల్యాబులో భోజనానికి కూర్చున్నప్పుడు పుష్ప జవాబు టైపు చేసింది. వస్తాను. స్పీకరు నా ఎడమపక్కనే ఉండాలి. వాయించేవాళ్ళూ అటే. సౌండు మోనోలోనే. టికెట్లు ఇద్దరికి, నాతో మా సౌండు మేడం వస్తారు. పంపేసి, చేతులు కడుక్కుని, గ్లవ్స్ తొడుక్కుంటూ బయట బెంచీ మీద ఉన్నవాళ్ళలో తర్వాతి మనిషిని పేరు పెట్టి పిలిచింది.