బాలప్పగారు

బూదిగుట్టపల్లె టీకొట్టు ముందు పోలీసు జీపు ఆగింది. ముందు సీటులో కూలి బాలప్ప. సీఐ తానే దిగి, చెయ్యి పట్టి దించి, ఊరంతా వినేలా అన్నాడు:

“వస్తాం బాలప్పగారూ. మీ మేలు మరిచిపోం.”

మాదిగవాడ మనిషిని ఆ ఊళ్లో ‘గారు’ అన్నవాడు అంతవరకు లేడు. కొట్టులో బయమ్మ చేతిలోని గ్లాసు చేతిలోనే ఉండిపోయింది. ఆ తెల్లవారే ఆమె మొగుడు పెద్దన్నను పోలీసులు ఇంట్లోంచి ఈడ్చుకుపోయారు. అంతకు రెండు రోజుల ముందు పట్టుకుపోయింది బాలప్పనే.

గుట్ట కింది అరవై ఎకరాల బంజరును భూస్వామి కంచె వేసి కలుపుకున్నాడు. శుక్రవారం ఆ కంచె పీకి, మడకలు కట్టి దున్నాలని కూలి సంఘం గుట్టుగా తీర్మానించింది. ఇంతలోనే ఈ అరెస్టులు.

మధ్యాహ్నం బడి వరండాలో సంఘం కూడింది.

“అమ్ముకున్నాడు,” అన్నాడు మారెప్ప. “అన్నలకు చీటీ పంపుదాం. వాళ్లే తేలుస్తారు.”

తేల్చడమంటే ఏమిటో అందరికీ తెలుసు. పోయినేడు పక్క మండలంలో ఒకణ్ణి తేల్చారు. శవం మీద ‘ఇన్ఫార్మరు’ అని రాసిన కాగితం పెట్టి పోయారు.

బాలప్ప పెండ్లాం నల్లమ్మ లేచింది. “నా మొగుడు నోరిప్పింటే నా నాలిక కోసుకుంటా!”

“నీ నాలిక ఎవురిక్కావల్ల? నా మొగుడు యాడ?” అంది బయమ్మ. మారెప్ప రాసిన చీటీ మీద మొదటి వేలిముద్ర వేసింది ఆమే.

మూల కూర్చున్న ఎర్రన్న అప్పుడు గొంతు సవరించాడు. మాజీ సిపాయి. ఇరవై ఎనిమిదేళ్ల కిందటి యుద్ధంలో గూఢచారి విభాగం జీపు నడిపినవాడు.

“బాలప్పను పిల్చినారా?”

“మొగం చెల్లక ఇంట్లో పండుకున్యాడు లే,” అన్నాడు మారెప్ప.

“మొగమా, కాళ్లా? జీపు దిగినాక వాడు నాలుగడుగులేసింది మీలో ఎవురన్నా చూసినారా?”

ఎవరూ చూడలేదు. అందరూ ఆ ఒక్క మాటే విన్నారు.

“అవతలోళ్ల సుబేదారు ఒకడు మాకు కొరకరాని కొయ్య. మా కెప్టెను ఏం చేసినాడు? ‘మీ సాయం మరవం’ అని వాని పేర జాబు రాసి, వానోళ్లకే దొరికేట్ల పారేయించినాడు. పారేసొచ్చిన జీపు నాదే. మూడోనాడు వానోళ్లే వాణ్ణి కాల్చినారు. మాకు తూటా గూడా ఖర్చు కాలే. ఈ సీఐ జాబు గూడా రాయలే. ‘గారు’ అన్యాడు, అంతే. మీకదే సాలింది!”

బయమ్మ దిగ్గున లేచి బాలప్ప ఇంటికి పోయింది. మంచం మీద అతని అరికాళ్లు ఉబ్బి, కమిలి, పగిలి ఉన్నాయి.

“మరి నా మొగుని పేరు చెప్పిందెవురు?”

“గోడ మీద సున్నంతో రాసినాం కదక్కా, ‘సంఘం అధ్యక్షుడు పెద్దన్న’ అని. దానికి ఇన్ఫార్మరు ఎందుకు?”

బయమ్మకు ఏడుపు రాలేదు. సిగ్గు వచ్చింది. వరండాకు తిరిగొచ్చి చీటీని నాలుగు ముక్కలు చేసింది.

“గుట్టు వాళ్ల విద్య. మనకు చేతగాదు. రేపు అందరం స్టేషనుకు పోయి మనమే చెప్దాం.”

తెల్లవారి డెబ్బై మంది తొమ్మిది బండ్లతో పోలీసుస్టేషన్ ముందు నిలబడ్డారు. సీఐ బయటికొచ్చాడు.

“ఏందిరా ఈ జాతర? మీ నాయకుడెవడు?”

“రాసుకో సారూ,” అంది బయమ్మ. “శుక్రవారం గుట్ట కింద మడకలు కడతాం. బాలప్ప మా మనిషి. నీకు ఇన్ఫార్మరు కావల్లంటే ఊరంతా ఈడే ఉండాది.”

అతను రాసుకున్నాడు. ఆమె రెక్క పట్టి లాకప్పులోకి తోశాడు. ఊచల వెనక పెద్దన్న లేచి నిలబడ్డాడు.

బయట బయమ్మ నిలబడ్డ చోటికి నల్లమ్మ వచ్చింది.

“రాసింది కొట్టేసుకో సారూ. మొన్న పడిన వాన పదును శుక్రవారం దాకా ఆగదు. మడకలు బండ్లలోనే ఉండాయి. ఈ పొద్దే కడతాం.”

సీఐ తలెత్తి చూశాడు. రోడ్డు మీద బండ్లు అప్పటికే గుట్ట వైపు తిరిగాయి. మొదటి బండిలో పగ్గాలు బాలప్ప చేతిలో ఉన్నాయి.