అందినట్టు సంతకం

కింది వాటా ఖాళీ చేయించాలనుకున్నాక మా ఆయన నాకు చెప్పింది ఒక్కటే.

"వాళ్ళ దగ్గర నువ్వు నోరు జారకు. నోటిమాట చెల్లదట. ఏదైనా కాగితం మీదే వెళ్ళాలి."

అలాగేనన్నాను. ఉద్యోగం పోయి బావగారు పిల్లలతో వచ్చేస్తున్నారు. వాళ్ళు ఉండడానికి ఆ వాటా కావాలి. కాదనడానికి అందులో ఏమీ కనపడలేదు. పాలు పొయ్యి మీద పెట్టాను.

కింద ఉండేది ఒక దర్జీ, ఆమె తల్లి. దర్జీ పొద్దున్నే బట్టల కొట్టుకు వెళ్ళి, జనం కొన్న బట్టలను వాళ్ళ ఒంటికి సరిచేసి కుట్టి, చీకటి పడ్డాక వస్తుంది. తల్లికి చూపు లేదు. ఈ ఇంట్లోకి వచ్చాకే అది పూర్తిగా పోయింది. అందుకని ఆమె గోడకు అరచెయ్యి ఆనించి, ఎవరి తోడూ లేకుండా తిరగగలిగేది ఇక్కడ మాత్రమే. మంచం నుంచి పొయ్యి దాకా, పొయ్యి నుంచి స్నానాల గది దాకా, ఆమె చెయ్యి ఆనే ఎత్తులో సున్నం మీద నున్నటి చార పడింది. ఇల్లు మారితే ఆవిడ ఇక మంచం దిగలేదు. ఆ సంగతి నాకు తెలుసు. మా ఆయనకూ తెలుసు.

కూతురు లేనప్పుడు ఆవిడ నా గొంతుకు తప్ప ఎవరికీ తలుపు తియ్యదు. వాళ్ళ ఉత్తరాలన్నీ నేనే తీసుకుంటాను. సాయంత్రం కిందికి వెళ్ళి చదివి వినిపిస్తాను.

ఆ రోజూ పోస్టుమాన్ తిన్నగా పైకే వచ్చాడు.

"కింది వాళ్ళకు రిజిస్టర్డ్ వచ్చిందమ్మా. వాళ్ళ తలుపు కొడితే నా చెయ్యి అరగడమే గాని అది తెరుచుకోదు. ఎప్పటిలా మీరే సంతకం పెట్టండి. అసలు మీకు మా ఆఫీసు నుంచి జీతం ఇప్పించాలి."

పెట్టాను. అతను వెళ్ళాక కవరు తిప్పి చూస్తే మా లాయరు పేరుంది. ఫ్రిజ్ మీద పెట్టాను. ఆ సాయంత్రం కిందికి వెళ్ళలేదు. ఇవ్వాలనీ అనుకోలేదు, ఇవ్వకూడదనీ అనుకోలేదు. మర్నాడు బట్టలు ఆరేస్తుంటే దర్జీ, "ఏంటక్కా, నిన్న కనపడలేదు, అమ్మ నీకోసం అడిగింది" అంది. తలనొప్పి అన్నాను.

కొన్నాళ్ళకు, ఉత్తరం అందినట్టు సంతకం ఉన్న కార్డు లాయరుకు చేరింది. ఆయన మా ఆయనకు చిన్ననాటి స్నేహితుడు. ఫోన్లో ఆయన నవ్వు నాకు వంటింట్లోకి వినిపించింది.

"ఒరేయ్, నోటీసు పంపింది నువ్వు, అందుకుంది మా చెల్లెమ్మ! ఇంతకీ ఎవర్ని ఎవరు ఖాళీ చేయిస్తున్నార్రా?"

"మరిప్పుడెలా?"

"మళ్ళీ మొదటికే. ఇది అద్దెకున్నావిడకి అందినట్టు చూపించలేం. కొత్త తేదీతో ఇంకోటి రాసిస్తాను. ఈసారి పోస్టు వద్దు, చేతికే ఇవ్వండి. ఆవిడ లేకపోతే ఆ ఇంట్లో పెద్దవాళ్ళెవరు తీసుకున్నా చాలు. నకలు మీద సంతకం మాత్రం మర్చిపోకండి."

ఫోను పెట్టేసి మా ఆయన నావైపు చూశారు.

"నీకు బుద్ధుందా?"

"ఎప్పుడూ నేనే పెడతాను కదండీ."

"ఆ కవరేదీ?"

"ఫ్రిజ్ మీద."

ఎందుకివ్వలేదని ఆయన అడగలేదు. 

కొత్తది వచ్చాక, "నువ్వే వెళ్ళు, నీతో అయితే గొడవ పడరు" అన్నారు. మధ్యాహ్నం వెళ్ళాను. నా గొంతు విని ముసలావిడ గోడ వెంట వచ్చి తలుపు తీసింది.

"నువ్వా అమ్మాయ్! ఇన్నాళ్ళకు తలనొప్పి తగ్గిందా? చేతిలో కాగితం చప్పుడవుతోందే. చదువు, చదువు. గ్యాసువాళ్ళదైతే మాత్రం వద్దు, ఏనాడూ ఒక్క మంచిమాట రాసిన పాపాన పోలేదు."

కూర్చుని చదివాను. ఆపవలసిన చోట ఆపి, మొదటి నుంచి చివరి దాకా చదివాను. ఏ నెలాఖరుకు ఖాళీ చెయ్యాలో ఉన్న చోట గొంతు మారకుండా చదివాను.

"క్లయింటు, క్లయింటు అని ఊరికే అంటున్నాడు, ఎవరమ్మా అది?"

"మా ఆయన, పిన్నిగారూ."

"ఓహో."

ఆవిడ గోడను నిమిరింది.

"అక్కడ గుమ్మం ఎత్తుగా ఉంటుందేమో."

"ఎక్కడ?"

"ఎక్కడైతే అక్కడ."

సంతకం కావాలన్నాను. "చూపున్నప్పుడు నేర్చుకున్నదే, మర్చిపోలేదులే. ఎక్కడ పెట్టాలో నువ్వే చూపించు" అంది. ఆవిడ వేలు పట్టుకుని గీత మీద ఆనించాను. కలం చేతికిచ్చాను. అక్షరాలు గీత దాటి పైకి ఎక్కిపోయాయి.

"మొత్తం పడిందా?"

"పడింది."

"మా పిల్ల రాగానే చెప్పకు. అన్నం తిన్నాక నేనే చెబుతాను."

పైకి వచ్చాక మా ఆయన నకలును కిటికీ దగ్గర వెలుతురులో పట్టి చూశారు.

"వంకరగా ఉందేం?"

"ఆవిడకు కనపడదు కదండీ."

"పర్లేదు, చెల్లుతుందిలే. ఏమైనా అందా?"

"గుమ్మం ఎత్తుగా ఉంటుందేమో అంది."

"మన గుమ్మమా?"

"కాదు."

ఆయన కాగితాన్ని ఫైల్లో పెట్టుకున్నారు. నేను ఫ్రిజ్ తుడుస్తూ మొదటి కవరు తీసి, దుమ్ము దులిపి, మళ్ళీ అక్కడే పెట్టాను.