మైదా జిగురు

పొయ్యి మీద మైదా ఉడుకుతోంది. అప్పలసూరి గరిటె ఆపకుండా తిప్పుతూ చిటికెడు మైలుతుత్తం వేశాడు. అది పడకపోతే తలుపుకంటించిన కాగితాన్ని రెండు రోజుల్లో పురుగులు తినేస్తాయి. చల్లారాక పాలపొడి డబ్బాలోకి వంచి, పీచుకుంచె అందులో గుచ్చాడు.

“ఈ కంపు ఇంకెన్నాళ్ళు?” అంది రాజేశ్వరమ్మ.

“నాలుగు నెల్లే. రిటైరైపోనాక దోసెల పిండి తిప్పుతాన్లే నీకు.”

ముప్పై ఒక్క ఏళ్ళుగా ఆయన పని అదే. ఆఫీసులో ఎవరికి మెమో వచ్చినా, ఎవరి ఉద్యోగం ఊడినా ఆ కాగితం పట్టుకుని వెళ్ళేది ఆయనే. సంచీ మోసి మోసి కుడి భుజం కిందికి జారిపోయింది. గోళ్ళ సందుల్లో జిగురు తెల్లగా ఎండి ఉంటుంది. కాలనీలో తెలుగువాళ్ళు ఆయన వస్తుంటే గుండెలు పట్టుకుంటారు. పాపం, మనిషి మాత్రం చీమకైనా అపకారం తలపెట్టడు.

ఆఫీసులో బడాబాబు ఒక కవరు బల్ల మీద పడేశాడు. ఆయన హెడ్ క్లర్కు, బెంగాలీ.

“సూరిదా, ఇది మూడోసారి. ఆ ఖలాసీ గవరయ్య చేతికన్నా ఇయ్యి, తలుపుకన్నా అంటించు. ఈసారి వెనక్కి తెచ్చావంటే చార్జిషీటు నీకే.”

అది గవరయ్యను ఉద్యోగంలోంచి తీసేసిన ఉత్తర్వు. చెప్పకుండా పదకొండు నెలలు మానేశాడని నేరం. విచారణకు మూడు తేదీలు వేశారు. ఆ మూడు రోజులూ గవరయ్య ఆసుపత్రి మంచం మీదే ఉన్నాడు. రాలేదు కనుక ఒప్పుకున్నట్టేనని రాసి పారేశారు. ఏం న్యాయమో ఏమో!

గవరయ్య ఉండే ఏక్‌బాల్‌పూర్ వెళ్ళే బస్సులో సూరికి కవరు బరువనిపించింది. రూలు ఆయనకు కంఠోపాఠం. పుచ్చుకునేవాడు తెలివిలో ఉండి, చదువుకుని సంతకం చెయ్యాలి. కాదంటే ఇద్దరు సాక్షుల ఎదుట తలుపుకంటించాలి. ఆ రెండూ జరిగేదాకా ఆ మనిషి ఉద్యోగస్థుడే. ఉద్యోగంలో ఉండగా పోతే పెళ్ళానికి పింఛను వస్తుంది. తీసేశాక పోతే ఏమీ రాదు.

ఒకసారి, పన్నెండేళ్ళ కిందట, బడ్జ్ బడ్జ్‌లో ధనుంజయ్ అనే ఉద్యోగి ఇంటికి తాళం వేసి ఉంటే, ఎండకి ఓపిక లేక టీకొట్టు దగ్గరే ఇద్దరి సంతకాలు పెట్టించుకుని, కాగితం అంటించి వచ్చేశాడు. ధనుంజయ్ ఊళ్ళో లేడని తరవాత తెలిసింది. తిరిగొచ్చేసరికి అప్పీలు గడువు దాటిపోయింది. అతని భార్య ఆఫీసు గేటు దగ్గర నిలబడి సూరిని చూసింది. తిట్టినా బాగుండేది. అందుకే గవరయ్య గదికి రెండుసార్లు తాళం కనబడినా, అంటించకుండా కవరు వెనక్కి తెచ్చాడు.

గవరయ్య గది చేరేసరికి పన్నెండయింది. భార్య జ్యోతిరాణి చాప పక్కన కూర్చుని విసురుతోంది. గవరయ్య కళ్ళు పచ్చబడిపోయాయి, పొట్ట ఉబ్బింది, కాళ్ళు పుల్లల్లా ఉన్నాయి.

“ఏటండి బాబూ ఆ కాయితం? సెలవు ఇచ్చినారా?” ఆశగా అడిగింది జ్యోతిరాణి.

సూరి కవరును సంచీ చాటుకు జరిపాడు. గవరయ్య అర్థం చేసుకున్నాడు.

“సూరన్నా, నాకోసం మూడుసార్లు తిరిగినావు. ఇలాగ తే, ఏలుముద్దర ఎట్టెత్తాను. నీ ఉజ్జోగానికి మాట రాకూడదు.”

బొటనవేలు పైకెత్తి పట్టుకున్నాడు. సూరికి ఏడుపొచ్చింది.

“నీకు తెలివి సరిగ్గా లేదు. సదువుకుని ఎట్టాల. రూలు,” అని కసిరి, బయటికొచ్చేశాడు.

ఇక తలుపే. పక్కగది దర్జీ, అతని తమ్ముడు మిషన్లు ఆపి గుమ్మంలోకి వచ్చారు. “సాక్షి సంతకమేగా చాచా, ఇవ్వండి పెట్టేస్తాం,” అన్నారు హిందీలో. ఇద్దరూ చదువుకున్నవాళ్ళే. ఏ వంకా లేదు.

సూరి డబ్బాలో కుంచె తిప్పాడు. అటు చార్జిషీటు, రాజేశ్వరమ్మ, నాలుగు నెలలు. ఇటు ఆ చాప.

“కాస్త ఆగండి నాయనా. జిగురు ఇంకా చిక్కబడలేదు,” అన్నాడు.

ముప్పై ఒక్క ఏళ్ళలో ఆయన జిగురు పల్చనవడం ఎన్నడూ లేదు. డబ్బా గుమ్మం పక్కన పెట్టి, మెట్టు మీద కూర్చున్నాడు. ఒంటిగంటకు దర్జీ తమ్ముడు టీ తెచ్చాడు. రెండింటికి ఆఫీసు నుంచి ఫోను మోగింది, తియ్యలేదు. మూడింటికి మళ్ళీ మోగింది. లోపల విసనకర్ర చప్పుడు వినిపిస్తూనే ఉంది. ఎదుటి మనిషి చావుకోసం ఎదురుచూస్తున్నానేమిటని తనని తానే తిట్టుకున్నాడు. లేవలేదు.

కాసేపటికి విసనకర్ర ఆగింది.

“బాబూ, నీళ్ళు మింగట్లేదు. ఓపాలి సూడండి,” అని పిలిచింది జ్యోతిరాణి.

సూరి వెళ్ళి ముక్కు దగ్గర వేలు పెట్టి చూశాడు. గవరయ్య రెప్పలు మూశాడు. గడియారం చూసుకుని, ఆ కవరు మీదే రాశాడు: ‘నేను పన్నెండింటికి చేరాను. ఉత్తర్వు అందలేదు, అంటించలేదు. గవరయ్య నాలుగూ పదికి చనిపోయాడు.’ పన్నెండని రాస్తే, నాలుగు గంటలు అంటించకుండా ఏం చేశావని అడుగుతారని తెలుసు. అయినా దాచలేదు. దర్జీ, తమ్ముడు ఏమీ అడక్కుండా కింద సంతకాలు పెట్టారు.

“అమ్మా, మీ ఆయన ఉజ్జోగంలో ఉండగానే పోయినాడు. ఎవులడిగినా ఆ మాటే సెప్పు,” అన్నాడు జ్యోతిరాణితో.

సంచీ భుజాన వేసుకుని, బడాబాబుకి జవాబు చెప్పడానికి బస్సు ఎక్కాడు.

గుమ్మం పక్కన పాలపొడి డబ్బా అలాగే ఉండిపోయింది. జిగురు మీద పొర కట్టింది, కుంచె అందులో నిటారుగా నిలబడి ఉంది.