టింకు గోళ్లు

ఆ మంగళవారం ఇంద్రేశంలోని ఆ ఇంట్లో పదో తరగతి పరీక్షలు రాసి సెలవుల్లో ఉన్న స్వరూప, ఆమె నానమ్మ ఆగమ్మ, వదిన కౌసల్య, ఉయ్యాలలో వదిన కొడుకు ఉన్నారు. టింకు కూడా ఉంది. కానీ పొద్దుటి నుంచి దాన్ని లెక్కలోకి తీసుకుంటున్నది స్వరూప ఒక్కతే.

టింకు బొచ్చు నిండిన చిన్న తెల్ల కుక్క. స్వరూప అన్న లింగం పనిచేసే ఫ్యాక్టరీలో ఒక ఆఫీసరుకు బదిలీ అయితే, ఆయన భార్య హైమావతి మేడం వెళ్తూ వెళ్తూ దాన్ని వీళ్లకిచ్చింది. గోళ్లెలా తీయాలో, నెత్తురొస్తే పిండి ఎలా అద్దాలో స్వరూపకు ఒకసారి చూపించింది కూడా. తీసే ధైర్యం మాత్రం స్వరూపకు చాలలేదు. ఇవాళ అది ఉయ్యాలలోకి కాళ్లెత్తి తొంగిచూసింది. దాని గోరు తగిలి పసివాడి చెంప మీద ఎర్రటి గీత పడింది.

“మీ అన్న డ్యూటీ దిగి రాంగనే దీన్ని ముత్తంగి ఊర్ల ఎవలికన్న ఇచ్చి రమ్మంట,” అంది కౌసల్య. “నీకు కుక్క ముద్దు. నాకు నా కొడుకు ముద్దు.”

స్వరూప వంటింట్లోకి వెళ్లింది. నెయిల్ కట్టరు, గిన్నెలో కాస్త గోధుమపిండి, జొన్నరొట్టె ముక్క తెచ్చుకుని టింకును ఒళ్లోకి తీసుకుంది.

“ఏందే పిల్లా! మంగళారం పూట ఇంట్ల గోర్లు తీస్తున్నవా?” ఆగమ్మ గదమాయించింది.

“నాయి గావు నానమ్మా, టింకుయి.”

“కుక్కయి గోర్లు గావా? గడప అవుతల కూసోపో.”

బయట అరుగు మీద ఎండ పడుతోంది. అదీ మేలే అయింది. వెలుగుకు ఎత్తి పట్టుకుంటే తెల్లగోరులో నెత్తురున్నంత మేరా గులాబీ రంగు కనిపించింది. దానికి దూరంగా కొస మాత్రం కత్తిరించింది. ఒక్కో గోరుకు ఒక్కో రొట్టె తునక పెట్టింది. టింకు నములుతూ మరో కాలు తనే ఇచ్చింది.

చివరికి మిగిలిన నల్లగోరు దగ్గర చెయ్యి ఆగింది. లోపల ఏమీ కనబడదు. గింజంత తీసి చూసింది, మళ్లీ గింజంత తీసింది. అంతలో లోపల పసివాడు కెవ్వుమన్నాడు. టింకు కాలు గుంజింది. గోరు చివర నెత్తుటి చుక్క నిలిచింది.

కౌసల్య కొడుకును చంకనేసుకుని గడపలోకి వచ్చింది. “గింత పని జేస్తివి! పసుపు తేవాల్నా?”

“వద్దొదినా,” అంటూ స్వరూప పిండిలో వేలద్ది గోటికి ఒత్తి పట్టుకుంది. కాసేపటికి వేలు తీసింది. నెత్తురు ఆగింది. టింకు ఆ పిండిని నాకబోతే మూతి పక్కకు తిప్పింది.

కౌసల్య వంగి, టింకు కాలు పట్టుకుని తన ముంజేతి మీద గీసింది. నమ్మక ఇంకోసారి గట్టిగా గీసింది. గీత పడలేదు.

“ఉండనీ తియ్,” అంది. “గీ గోర్లు మళ్ల పెరిగినయో, ఇగ నిన్ను గూడ ముత్తంగికే పంపిస్త.”

టింకు ఆమె కాళ్ల సందులోంచి లోపలికి దూరింది. స్వరూప నవ్వుకుంటూ వెనకే వెళ్లబోయింది. ఆగమ్మ అడ్డమొచ్చింది.

“నువ్వేడికి? గోర్లు తీస్తివి. నీళ్లు పోస్కోకుంట ఇంట్లకు రాకు. బాయికాడికి నడువు.”

“మరి టింకు?”

“దానికేం ఎరుక? నీకెరుకే గద,” అని ఆగమ్మ తలుపేసింది.