ప్లాస్టిక్ ఆకుల విలివిలి

ఆ చెట్టుకి ప్లాస్టిక్ ఆకులు కట్టింది నేనే. ముందే ఒప్పేసుకుంటున్నాను. మా పిన్ని ఎలాగూ ఊరంతా చెప్పింది.

అప్పట్లో నేను మా దీవిలో వైకోలోవ తీరాన ఒక పెద్ద హోటల్లో తోటపని చేసేవాణ్ణి. ఆ మార్చిలో కొండవాలున ఇళ్ల స్థలాలు చదును చేస్తుంటే, అక్కడున్న ముసలి విలివిలి చెట్టును హోటల్ వాళ్లు క్రేనుతో పెకలించి తెచ్చి గుమ్మం ముందు నాటించారు. చుట్టూ పచ్చిక పరిచారు. పొద్దునా సాయంత్రం నీళ్లు చిమ్మే గొట్టాలు పెట్టారు. నల్లరాళ్ల మధ్య, ఏడాదికి నాలుగు వానలు పడితే చాలనుకుని మా తాతల నాటినుంచి బతికిన చెట్టది. దానికి రెండు పూటలా స్నానం!

జూలైకల్లా ఆకులన్నీ రాల్చేసింది. ఎండాకాలంలో విలివిలి ఏటా చేసే పనే అది. కానీ అతిథులు ముఖాలు చిట్లించడం మొదలుపెట్టారు. మేనేజర్ డెంటన్ నన్ను పిలిపించింది.

“లోపకా, గుమ్మంలో ఆ ఎండు చెట్టేమిటి?”

“ఎండలేదు మేడమ్, నిద్రపోతోంది. ఒక్క నెల ఆగండి. ఆకన్నది లేకుండా కొమ్మకొమ్మకీ పూస్తుంది.”

“నా గెస్టులు ఉండేది ఐదు రోజులు. నెల కాదు.”

మర్నాడే పెట్టెలకొద్దీ ప్లాస్టిక్ ఆకులు దిగాయి. చూస్తే మామిడాకుల్లా ఉన్నాయి. విలివిలికి ఆకులు మూడేసి కలిసి ఉంటాయని గమనించిన పాపాన ఎవరూ పోలేదు. నిచ్చెన వేసుకుని, ఇనుప తీగతో మూడు రోజులు కట్టాను. సిగ్గుపడుతూనే కట్టాను.

ఆగస్టులో హోటల్ కొత్త భాగం తెరుస్తూ, ఆ చెట్టు దగ్గర పాతకాలపు దీవెన పాట పాడమని కవెహి పిన్నిని పిలిచారు. మా అమ్మ చెల్లెలు. డెబ్బై రెండేళ్లు. విలివిలి ఎర్రగింజలతో దండలు గుచ్చడం ఆమె పని. అది ఆమె ఎరిగిన కొండవాలు చెట్టేనని ఆమెకెవరూ చెప్పలేదు. చెప్పే ధైర్యం నాకూ లేకపోయింది.

మెడలో గింజల దండతో, పాదాల దాకా ఉన్న ఆకుపచ్చ గౌనులో వచ్చింది. నాలుగడుగుల దూరంలో ఆగిపోయింది. మొదలుకి కాస్త పైన పాత కోత మచ్చ ఒకటుంది. మా చిన్నాన్న పడవ ఒరగకుండా పక్కన కట్టే తేలుదుంగ కోసం, చెట్టుని అడిగి మరీ ఒక కొమ్మ కోసుకున్న చోటు అది. పిన్ని ఆ మచ్చని వేలితో తడిమింది. తలెత్తింది.

“ఏంట్రా ఇవి?”

“ఆకులు, పిన్నీ.”

“కళ్లున్నాయి నాకు. ఎవడు కట్టాడు?”

“నేనే.”

“బతికున్న మనిషికి బట్టతల అని విగ్గు మేకులతో కొడతావుట్రా? అన్నం తింటున్నావా, ఇదే ప్లాస్టిక్ తింటున్నావా?”

డెంటన్ నవ్వుతూ వచ్చింది. “ఆంటీ, పాట మొదలుపెడదామా? అందరూ చూస్తున్నారు.”

“నీకు నేనెప్పుడు ఆంటీనయ్యానమ్మా?” అంది పిన్ని. “విలివిలి పూసినప్పుడు సొరచేప కరుస్తుందని మా పెద్దలంటారు. ఈ ఏడు పువ్వు రాకముందే వచ్చి కరిచాయి, అదీ చెప్పులేసుకుని!”

వెనక నిలబడ్డ వంటవాళ్లు గొల్లుమన్నారు. డెంటన్ ముఖం కందిపోయింది.

“పాడనంటే వెళ్లండి. చెట్టు హోటల్‌ది.”

“పాడను. వెళ్లను. లోపకా, నిచ్చెన!”

తెచ్చాను. ఎక్కాను. తీగలు కోస్తుంటే ఆకులు అతిథుల వైన్ గ్లాసుల్లో పడ్డాయి. “ఇప్పుడు దిగకపోతే రేపట్నుంచి రానక్కర్లేదు,” అని డెంటన్ కిందనుంచి అరిచింది. నాకు దిగాలనే అనిపించింది. ఇంట్లో నాలుగు నెలల పిల్ల ఉంది. కానీ తీగ బిగిసినచోట బెరడు కోసుకుపోయి ఉంది. దాని పక్కనే గోరంత మొగ్గలు, సగం నల్లబడి. అవి చూశాక మళ్లీ కిందికి చూడలేదు.

చివరి తీగ తెగేసరికి పచ్చికమీద మేమిద్దరమే మిగిలాం. పిన్ని చెప్పు పచ్చికలో దిగబడిపోయింది. వంగి నేల నొక్కింది, నీళ్లూరాయి. “వేరు కుళ్లుతోంది,” అంది. అంతసేపూ తిట్టిన మనిషి అప్పుడు ఏడ్చింది. నేను వెళ్లి నీళ్ల గొట్టం కట్టేశాను. మర్నాడు నా బదులు వచ్చినవాడు మళ్లీ తిప్పాడు.

సెప్టెంబరులో చెట్టు ఒకవైపు మాత్రమే పూసింది, నారింజ రంగులో. అతిథులు దాని ముందు నిలబడి ఫొటోలు దిగారట. హోటల్ వాళ్లు ఆ ఫొటోనే క్యాలెండర్ మీద వేసుకున్నారు! జనవరి గాలికి చెట్టు మొదలంటా పడిపోయింది. చెత్తకుప్పకు తోలేస్తారని వంటవాళ్లు కబురు చేస్తే, పిన్నీ నేనూ మా ట్రక్కు తీసుకుని వెళ్లాం. రంపంతో కోస్తే వేరుభాగం నానిన రొట్టెలా విడిపోయింది. పైమాను మాత్రం గట్టిగానే ఉంది. పనివాళ్లు చెయ్యేస్తే ట్రక్కు ఎక్కించాం.

గేటు దగ్గర కాపలా కుర్రాడు ఆపాడు. “హోటల్ సామాను బయటికి పోవాలంటే పాస్ కావాలి, పిన్నిగారూ.”

పిన్ని కిటికీలోంచి తల బయటపెట్టింది.

“కొండమీంచి తెచ్చినప్పుడు వీళ్లు ఎవరికి చూపించార్రా పాస్?”

అతను ట్రక్కులోని మానువైపు చూశాడు. ఆ తర్వాత గేటు తీశాడు.