ఆరిన్ కోయని గడ్డి

మా అన్నయ్య ఆరిన్ అబద్ధమాడగా నేను ఎన్నడూ చూడలేదు. ఆ ఉదయం మాత్రం వరసపెట్టి ఆడాడు. అన్నీ పట్టుబడ్డాయి.

మా వర్మాంట్ కొండల్లో జూలై నాలుగున స్వాతంత్ర్య పండుగ దాటిందంటే ఊరంతా గడ్డి కోతలో పడుతుంది. చలికాలమంతా ఆవులకు అదే తిండి. ఎవరి పొలంలోనైనా కోత వెనకబడితే ఇరుగుపొరుగు పిలుపు కోసం చూడరు. గుర్రాలు కట్టుకుని వచ్చి, కోసిపెట్టి పోతారు. ఆ ఏడాది ఊళ్లో కోయకుండా మిగిలిన గడ్డి మా పొలంలోదొక్కటే.

దానికి కారణం రాతిగోడ పక్కన స్టూలు వేసుకుని కూర్చుని ఉంది. పేరు ఫిలీనా వార్డ్‌వెల్. బోస్టన్ మనిషి. ఆ వేసవికి మా మేడగది అద్దెకు తీసుకుంది. నెత్తిన మగవాళ్ల గడ్డిటోపీ, గౌను నిండా రంగు మరకలు, ఎదురుగా తలుపంత కాన్వాసు.

ఆమె కొండలూ నదులూ గీయడం మొదలుపెట్టి చాలా ఏళ్లయింది. ప్రదర్శనల్లో తీసుకునేవారు, తీసుకుని తలుపు నెత్తినో పొయ్యి పొగగొట్టం వెనకో తగిలించేవారు.

"కొండ గీస్తే ముచ్చటగా ఉందంటారు, అల్మైరా," అని నవ్వేది నాతో. "వరదొచ్చి వంతెన కొట్టుకుపోతున్నట్టు గీశాను. అదీ ముచ్చటగానే ఉందట!"

ఈసారి మాత్రం ఆ ప్రదర్శనలు నడిపే బోస్టన్ పెద్దలు నోరు జారారు. పెద్ద చిత్రం తెస్తే, బాగుంటే, శరత్కాలం ప్రదర్శనలో గుమ్మంలోకి రాగానే కనబడే ఎదురుగోడ ఇస్తామన్నారు. ఆ మాట పట్టుకుని ఆమె ఆడపిల్లల బడిలో డ్రాయింగు టీచరు ఉద్యోగం వదిలేసింది. ఇది కుదరకపోతే మళ్లీ ఆ బడి మెట్లెక్కి, జీవితాంతం గులాబీలు గీయించాల్సిందే.

ఆమె ఎంచుకున్నది మా గడ్డిని. పూతకొచ్చిన గడ్డి మీద పొద్దుటి ఎండ పడితే పొలమంతా ఊదారంగు పొగ కమ్మినట్టు ఉంటుంది. ఆ వెలుగు మధ్యాహ్నానికి పోతుంది. అందుకే ఆమె పని పొద్దుటిపూటే. ఈలోగా పూత ముదురుతోంది. ముదిరిన గడ్డిని ఆవులు మూతి తిప్పుకుని తింటాయి.

"కోతకు తొందరేముందిలే," అన్నాడు అన్నయ్య భోజనాల దగ్గర.

"ఆ ముక్క ఆవులకు చెప్పావా?" అన్నాను.

అన్నయ్య బంగాళాదుంప మీద వెన్న రాయడంలో మునిగిపోయాడు. పెళ్లి మాటెత్తినా ఇంతే, ఇలాగే వెన్న రాసుకుంటాడు. ఇంకొక్క పూట చాలని ఫిలీనా ఆ రోజే అన్నయ్యతో అందట. ఆ సంగతి నాకు తర్వాత తెలిసింది.

మర్నాడు పొద్దున్నే గేటు దగ్గర గుర్రాల సకిలింపు. పక్క పొలం ఎజ్రా టటిల్ గుర్రాలు లాగే కోతబండి మీద దర్జాగా కూర్చుని ఉన్నాడు. వెనకే గడ్డి పోగుచేసే పళ్లకర్రలతో అతని ఇద్దరు కొడుకులు.

"ఏమయ్యోయ్ ఆరిన్! ఒంట్లో బాగాలేదా? పొలం చూస్తే జాలేసింది. ఇవాళ కానిచ్చేద్దాం."

అన్నయ్య మొహం పాలిపోయింది. బొమ్మ కోసం గడ్డి ఆపాడని తెలిస్తే ఊరు చలికాలమంతా నవ్వుతుంది.

"గుర్రం కుంటుతోంది, ఎజ్రా."

"అందుకే మావి తెచ్చాం."

"అదీ... నా కోతబండి కత్తి విరిగింది."

"నాది నిన్నే సానబెట్టించా. ఇంకేంటి?"

"గడ్డిలో పిట్టలు గూళ్లు పెట్టాయి. పాపం, పిల్లలున్నాయి."

ఎజ్రా కొడుకుల వైపు తిరిగాడు. "విన్నార్రా? పోయినేడు కాకుల మీద తుపాకీ పేల్చింది ఈ మహానుభావుడే," అని నవ్వుతూనే బండి పక్కనున్న పొడుగాటి కోతకత్తి నేలకు దించి పగ్గాలు విదిలించాడు.

గుర్రాలు పొలంలోకి దిగాయి. కత్తి కటకటమంటూ గడ్డిని పడగొట్టుకుంటూ పోతోంది. అటు ఫిలీనా స్టూలు మీంచి లేచింది.

అన్నయ్య పరిగెత్తాడు. ఆ వయసులో, ఆ బూట్లతో అంత పరుగు తీస్తాడనుకోలేదు. తిన్నగా వెళ్లి గుర్రాలకు అడ్డం నిలబడ్డాడు. ఎజ్రా పగ్గాలు గుంజాడు. బండి పక్కకు వంకరగా తిరిగి, అన్నయ్యను తప్పించుకుని నాలుగు గజాలు పోయి ఆగింది.

"మతి పోయిందా? కాళ్లు తెగేవి కదయ్యా!"

"ఆమె గీయడం అవలేదు," అన్నాడు అన్నయ్య రొప్పుతూ.

"ఏంటి గీయడం?"

"నా గడ్డి. బొమ్మ. అది అయ్యేదాకా ఇక్కడ కత్తి దిగదు. నవ్వుకుంటే నవ్వుకోండి!"

నవ్వారు. ఎజ్రా బండి మీంచి జారిపడేంత నవ్వాడు. తర్వాత గుర్రాల్ని నీడకు కట్టేసి, కొడుకులతో సహా గోడెక్కి కూర్చున్నాడు. ఫిలీనా మాత్రం నవ్వలేదు. ఊదారంగు మధ్యలో పచ్చటి చార పడింది. అది ఇక పూడేది కాదు.

"నన్ను క్షమించండి, మిస్ ఫిలీనా," అన్నాడు అన్నయ్య. "ఇదంతా నా పిరికితనం. ముందే చెప్పేసి ఉంటే..."

ఆమె ఆ చార వైపు ఒకసారి చూసింది. మళ్లీ కూర్చుని, ఆకుపచ్చ రంగు గొట్టం మూత తిప్పింది.

"నా గుర్రాల్ని కూడా వేస్తారా?" అన్నాడు ఎజ్రా గోడ మీంచి.

"మీ నోరు కాసేపు కదలకపోతే ఆలోచిస్తాను."

మధ్యాహ్నానికి కుంచె కింద పెట్టి, "ఇక కోసుకోండి," అంది. అందరూ పొలంలో పడ్డారు. ఆమె కూడా పళ్లకర్ర పట్టుకుంది. పట్టుకోవడం రాలేదు, అది వేరే సంగతి.

అక్టోబరులో బోస్టన్ వెళ్లాం. ఎజ్రా కూడా మంచి కోటు వేసుకుని బయల్దేరాడు. చిత్రం ఎదురుగోడ మీదే ఉంది. ముందు జనం మూగి ఉన్నారు. ముచ్చటగా ఉందని ఒక్కరూ అనలేదు. ఒక పెద్దాయన ఆ పచ్చచార చూపిస్తూ, అది లేకపోతే ఈ పొలం నిద్రపోయేది అన్నాడు.

"అంటే సగం నాదేగా!" అన్నాడు ఎజ్రా హాలంతా వినబడేలా. దగ్గరికి వెళ్లి కళ్లు చికిలించాడు. "కానీ ఇదేంటమ్మా, ఇక్కడ వంకర పోయింది? నేనెప్పుడూ ఇలా కోయలేదు. ఇంటికెళ్లి సరిచేయండి, నా పరువు పోతుంది."

"సరిచేయను," అంది ఫిలీనా. "గుర్రాలకు అడ్డంగా ఆయన నిలబడింది అక్కడే."

అన్నయ్య టోపీ తీసి, మళ్లీ పెట్టుకుని, మళ్లీ తీశాడు. పాపం, అక్కడ రాసుకోవడానికి వెన్న కూడా లేదు.