టెల్విడరోన్‌కు నేను చెప్పిన అర్థం

ఈ లోకంలో నాకు అర్థం తెలియని మందు పేరు లేదు. నాలుక మెలిపడిపోయే పేరైనా సరే, మీరు సగం పలికేలోపే మిగతా సగం నేను అందుకుంటాను. అది ఏ రోగానికి పుట్టిందో, ఎవరు పుట్టించారో, ఆ పుట్టించినవాడి భార్య ఆ రోజు ఎందుకు అలిగి కూర్చుందో కూడా చెబుతాను. ముప్ఫైనాలుగేళ్లు మందుల గోడౌనులో పనిచేసినవాణ్ణి మరి. పెద్ద పెద్ద డాక్టర్లు నా దగ్గర ఆగి, "ఇదేమిటి పెద్దాయనా?" అని అడిగేవారు.

ఈ మాటలన్నీ మా బావ నమ్మాడు. చిక్కంతా అక్కడే వచ్చింది.

బావంటే మా అక్క భర్త. నలభై ఏళ్లు లేతు మెషీను మీద ఇనుము చెక్కిన మనిషి. వాళ్లుండేది మూడో అంతస్తు. యాభైనాలుగు మెట్లు. లిఫ్టు లేకపోలేదు గానీ, దాని తలుపుకు అంటించిన 'మరమ్మతులో ఉంది' అనే కాగితమే వెలిసిపోయి మరమ్మతుకు వచ్చింది. రోజూ పొద్దున్నే ఆ మెట్లెక్కి వాళ్లను చూసి రావడం నా పని. ఎక్కుతున్నంతసేపూ నా మోకాళ్లు ఒక్కో మెట్టును ఒక్కో తిట్టు తిడుతూ ఉంటాయి.

బావకు గుండె లయ తప్పుతోందని ఆసుపత్రిలో కొత్త మాత్ర రాశారు. అప్పటికే రోజుకు పది మింగుతున్నాడు. ఇది పదకొండోది. దాని పేరు టెల్విడరోన్. దాన్ని మాత్రం తొమ్మిది రోజులుగా ముట్టుకోవడం లేదు.

నేను వెళ్లేసరికి బావ కిటికీ దగ్గర కుర్చీలో కూర్చుని, మాత్రల అట్టను ముక్కుకు ఆనించుకుని చదువుతున్నాడు. అక్క నీళ్లగ్లాసు పట్టుకుని పక్కన నిలబడింది. ఆ నిలబడ్డ తీరు చూస్తే పక్కన గోడ లేకపోతే పడిపోయేలా ఉంది.

"వచ్చావా గోడౌన్ డాక్టరూ! రా, రా. ఈ టెల్విడరోన్ అంటే ఏమిటో చెప్పు."

"ముందు మింగు బావా. అర్థం కడుపులోకి వెళ్లాక అదే చెబుతుంది."

"వేళాకోళం వద్దు. మెషీనులో ప్రతి ముక్కకూ ఒక పేరుంది. పేరు వింటే పని తెలియాలి. పనేమిటో తెలియని ముక్కను నలభై ఏళ్లలో ఒక్కటి కూడా నేను లోపల బిగించలేదు."

"లోపల బిగించేది మెషీనులో కాదండీ, మీ ఒంట్లో," అంది అక్క.

"ఇదింకా ఖరీదైన మెషీను."

"ఖరీదా!" అన్నాను. "పాత ఇనుము కొట్టువాణ్ణి అడిగి చూశాను బావా. ఊరికే ఇచ్చినా, మోసుకొచ్చే కూలి మనమే పెట్టుకోవాలన్నాడు."

బావ పకపకా నవ్వాడు. ఆ నవ్వు మధ్యలోనే ఆయాసంలోకి జారిపోయింది. ఛాతీ మీద చెయ్యి వేసుకుని, కళ్లు మూసుకుని, చాలాసేపు ఊపిరి వెతుక్కున్నాడు.

అక్క నన్ను వంటగదిలోకి లాక్కుపోయింది.

"డాక్టరమ్మ నాతో విడిగా చెప్పిందిరా. ఇలాగే లయ తప్పుతూ పోతే ఏదో ఒకరోజు గుండె మొత్తానికే మొరాయిస్తుందట. బతిమాలాను, తిట్టాను, ఏడ్చాను. నావల్ల కాదురా తమ్ముడూ. నువ్వే ఏదో ఒకటి చెప్పు. నీ నోట్లోంచి వస్తే మింగుతాడు."

అదే నా నోటికి కావలసింది. వెనక్కి వచ్చి, బావ ఎదురుగా స్టూలు లాక్కుని మొదలుపెట్టాను.

"అనగనగా ఏడు సముద్రాల అవతల ఒక ఓడ, బావా. ఆరు నెలలు ఎడతెగని తుఫాను. అలలు ఎంత ఎత్తంటే, ఓడలో వంటవాడు గిన్నెలు కడగాలంటే చెయ్యి చాచి మబ్బులోంచే నీళ్లు ముంచుకునేవాడు. ఒకరోజు పొరపాటున చందమామకు గరిటె తగిలింది. ఆ సొట్ట ఇప్పటికీ ఉంది, కావాలంటే పున్నమినాడు చూడు."

"చందమామను వదిలెయ్. మందు సంగతికి రా."

"వస్తున్నా. ఆ ఓడలో ఒక ముసలి నావికుడు ఏదో దీవిలో తవ్విన వేరు నూరి సముద్రంలో కలిపాడు. అంతే! సముద్రం పళ్లెంలో పోసిన పాలలా అయిపోయింది. ఆ వేరులోంచి తీసిందే ఈ మందు. ఆ దీవివాళ్ల భాషలో టెల్వి అంటే అల. డరోన్ అంటే పడుకోబెట్టేది."

చెబుతూ చెబుతూ నాకే నమ్మకం కుదిరింది. బావ అట్టను తిప్పి తిప్పి చూశాడు.

"అంటే, అల లేచినప్పుడు దాన్ని పడుకోబెట్టే మందన్నమాట."

"అచ్చంగా అంతే!"

అక్క చేతిలో గ్లాసు అందుకుని మాత్ర గుటుక్కున మింగాడు. అక్క ముఖం గోడవైపు తిప్పుకుంది. నేను ఆ యాభైనాలుగు మెట్లూ యుద్ధం గెలిచినవాడిలా దిగాను.

ఆ మర్నాటి నుంచి మాత్రల డబ్బా బావే తన దగ్గర పెట్టుకున్నాడు. ఎప్పుడడిగినా "వేసుకున్నా, వేసుకున్నా" అనేవాడు. అక్క అది నమ్మి, ఎన్నాళ్ల తర్వాతో మధ్యాహ్నాలు కాస్త నడుం వాల్చడం మొదలుపెట్టింది. మూడు వారాలు అలా గడిచాయి.

ఆ రోజు నాకు ఆలస్యమైంది. మిట్టమధ్యాహ్నం రెండో అంతస్తు దాటుతుండగా పైనుంచి అక్క కేక వినిపించింది. మిగతా మెట్లు ఎలా ఎక్కానో నాకు తెలియదు, నా మోకాళ్లకు కూడా తెలియదు. బావ కుర్చీ పక్కన నేల మీద ఉన్నాడు. ముఖం తడి సిమెంటు రంగులోకి తిరిగింది. పెదవులు కదులుతున్నాయి గానీ మాట లేదు. కింది వాటాలో ఉండే టాక్సీ డ్రైవరూ నేనూ కలిసి అతణ్ణి కుర్చీలో కూర్చోబెట్టి, కుర్చీతో సహా కిందికి దించి, ఆసుపత్రికి తీసుకుపోయాం.

బతికాడు. రెండు రోజుల తర్వాత మాట్లాడే ఓపిక వచ్చింది. అప్పుడు ఆసుపత్రి మందుల కౌంటరు అమ్మాయి, మేము ఇంటినుంచి తెచ్చిన డబ్బా చేత్తో పట్టుకుని వార్డులోకి వచ్చింది. రోగులు మందులు ఎలా వాడుతున్నారో చూడడం ఆమె ఉద్యోగం.

"తాతగారూ, మీరు ఇది మొదలుపెట్టి మూడు వారాలట. ఈ అట్టలో ఇప్పటికి ఇరవైఒక్క మాత్రలు అయిపోవాలి. నాలుగే అయ్యాయి. ఎందుకని?"

బావ నీరసంగా చెప్పాడు. "అలలు లేచింది నాలుగుసార్లే కదమ్మా."

"ఏ అలలు?"

అందరూ నా వైపు చూశారు. గది కిటికీ రెండో అంతస్తులో ఉందని గుర్తొచ్చి ఆగాను గానీ, లేకపోతే అందులోంచి దూకేవాణ్ణి.

"బ్రేకు ఎప్పుడు తొక్కుతాం?" అన్నాడు బావ, నన్ను వెనకేసుకొస్తున్నట్టు. "బండి జోరు మీదున్నప్పుడే కదా. అల లేచినప్పుడు వేసుకునే మందు, లేవనప్పుడు ఎందుకు దండగ చెయ్యాలి?"

ఆ అమ్మాయి మంచం అంచున కూర్చుంది. ఆమె కూడా పొద్దుటినుంచీ ఎన్ని మంచాలు తిరిగిందో, కూర్చోగానే చెప్పులోంచి కాలు తీసి వేళ్లు ఒత్తుకుంది.

"మీ మెషీనుకు నూనె ఎప్పుడు పోసేవారు తాతగారూ? కీచుమన్నప్పుడా?"

"ఛ ఛ! కీచుమందంటే అప్పటికే అరిగిపోయినట్టు. రోజూ పొద్దున్నే, మోటారు వెయ్యకముందే పొయ్యాలి."

"ఇది బ్రేకు కాదు. నూనె."

ఆ మాట అని ఆ అమ్మాయి నా వైపు తిరిగింది.

"మీరు డాక్టరా?"

"కాదమ్మా."

"కాంపౌండరా?"

"పెట్టెలు మోసేవాణ్ణి తల్లీ. చదివింది మా ఊరి బళ్లో ఐదో తరగతి. పెట్టె మీద పేరు చదివి ఏ అరలో పెట్టాలో చూసుకోవడం, అంతవరకే నా వైద్యం."

"మరి పెద్ద డాక్టర్లే నిన్ను ఆపి అడిగేవారన్నావు?" అన్నాడు బావ పడుకున్నచోటి నుంచే.

"అడిగేవారు బావా. అబద్ధం కాదు. 'ఇదేమిటి పెద్దాయనా, పెట్టె దారికి అడ్డంగా పెట్టావు?' అని అడిగేవారు."

నవ్వింది ఆ అమ్మాయి ఒక్కతే. నవ్వి, టెల్విడరోన్ సంగతి చెప్పింది. చివరనున్న 'అరోన్' ఇంటిపేరులాంటిదట, గుండె లయను సరిచేసే మందుల వంశానిదట.

"ముందున్న 'టెల్వి'?" అన్నాడు బావ.

"దానికి అర్థమేమీ లేదండీ. ఇంకో మందు పేరుతో కలిసిపోకుండా, నోరు తిరిగేలా ఉంటే చాలని ఎవరో కూర్చుని ఏరుకున్న శబ్దం."



బయట వరండాలో బల్ల మీద అక్క కూర్చుని ఉంది. తలుపు పక్కనే గనక అంతా విన్నది. నేను వెళ్లి పక్కన కూర్చున్నాను. చెంప మీద ఒకటి కొడుతుందనుకున్నాను, కొడితే బాగుండుననుకున్నాను.

"ఏదో ఒకటి చెప్పమన్నది నేనే కదా," అంది. "నీ మీద కోపం తెచ్చుకోవాలిరా. ఇవాళ ఓపిక లేదు. రేపు తెచ్చుకుంటాను," అని గోడకు తల ఆనించి కళ్లు మూసుకుంది.

వారం తర్వాత బావ ఇంటికి వచ్చాడు. మొదటిరోజు పొద్దున్నే నీళ్లగ్లాసు నేనే తెచ్చాను. అక్కను గదిలోంచి లేవనివ్వలేదు. అట్టలోంచి మాత్ర నొక్కి తీశాను.

"బావా, దీనికి అర్థం లేదు. ఉన్నా నాకు తెలియదు. రోజూ పొద్దున ఒకటి. అల లేచినా లేవకపోయినా."

బావ నన్ను ఎగాదిగా చూశాడు.

"అర్థం లేకపోవడమే నయంరా. ఇన్నాళ్లూ అర్థమున్న మాత్రలు మింగీ మింగీ విసుగెత్తిపోయాను. ఒక్క నీ అర్థానికే ఆసుపత్రి పాలయ్యాను. ఇటు తే," అని లాక్కుని నోట్లో వేసుకున్నాడు.

ఇంతదాకా చెప్పినదంతా జరిగిందే. ఓడ సంగతంటారా, అది బావకు కల్పించి చెప్పింది, మీకు కాదు. మీకు కల్పించి చెప్పింది ఒక్కటే: ఈ చివరి మాటలు. బావ అవేవీ అనలేదు. ఎగాదిగా కూడా చూడలేదు. ఊరికే అరచెయ్యి చాచాడు. నేను మాత్ర పెట్టాను. మింగి, ఖాళీ గ్లాసు నాకిచ్చి, కిటికీ వైపు తిరిగాడు. నా చెవులు ఎంతసేపు ఎదురుచూసినా ఒక్క వేళాకోళం కూడా రాలేదు. మర్నాడూ అంతే. అందుకని అతని తరఫున నేనే నాలుగు మాటలు రాసుకున్నాను.